కన్యాశుల్కమునందలి నేరవిచారణ: లోకనీతి, దండనీతి

గురజాడ అప్పారావుగారి కన్యాశుల్క నాటకమును గూర్చి తఱచుగా వినవచ్చు ఆక్షేపణ మొకటి కలదు. 1892లో విజయనగరమున ప్రదర్శింపబడి, 1897లో తొలిసారి అచ్చుపడి, 1909లో పెక్కు మార్పులతో పెరిగి వెలువడిన యీ నాటకము కడపటి అంకములయందు పట్టు సడలినదనియు, కన్యావిక్రయమను మూలవిషయమును విడిచి ఖూనీ కేసు, కచేరీలు, వకీళ్లు అను వేఱు దారిని పట్టినదనియు ఆ ఆక్షేపణ సారాంశము. ప్రదర్శనమున నిడివి తగ్గింపవలసి వచ్చినపుడు కత్తెర మొదట పడునదియు ఆ భాగము మీదనే. మా అభిప్రాయము దీనికి విరుద్ధము. నాటకనామము లేవదీసిన ప్రశ్నకు సమాధానము దొరకునది ఆ కచేరీల వ్యవహారమునందే. లోకము తప్పని యెఱిగియు మానలేని పని నేరమగునా? నేరము కానిచో దాని నెవరు మాన్పవలయును? నేరము లేనిచోట నేరమును విచారించు కచేరి సత్యము నెట్లు కనుగొనును? ఈ ప్రశ్నలు కథలో ఒకదాని వెంట నొకటి వచ్చుచున్నవి. వానిని వదలి గిరీశము మాటకారితనమును మాత్రమే మెచ్చుకొనుచు పోవు పఠనము నాటకమున సగమును పోగొట్టుకొన్న పఠనము.

ఇందులకు పూర్వరంగముగా కొంత ధర్మశాస్త్ర ప్రసక్తి అవసరము. మన స్మృతికారులు విషయమును ఆచార, వ్యవహార, ప్రాయశ్చిత్తములని మూడుగా విభజించిరి. పదుమూడవ శతాబ్దిలో కేతన విజ్ఞానేశ్వరీయమును తెనిగించునపుడును ఈ విభాగమునే పాటించెను. వ్యవహారమున రాజు విధించు దండము. ప్రాయశ్చిత్తమున కర్త తనంతట చేసికొనవలసిన శుద్ధి. ఒకే కార్యమునకు రెండును కలుగవచ్చును. దండము లేక ప్రాయశ్చిత్తము మాత్రమే విధింపబడిన దోషములు పెక్కు. అనగా పాపము, నేరము అనునవి ఒకే గ్రంథమున ప్రక్కప్రక్క కాండములలో నివసించినవి. 1860లో శాసనమై, 1862 మొదలు 2024 జూన్ చివరివరకు అమలునందుండిన భారత శిక్షాస్మృతి యీ ఇరుగుపొరుగును తొలగించినది. అందు పేర్కొనబడినది నేరము. పేర్కొనబడనిది, ఎంత హేయమైనను, నేరము కాదు. ప్రాయశ్చిత్తకాండము మాత్రము కులపెద్దలకును పీఠాధిపతులకును మిగిలిపోయినది. ఈ చీలిక నడుమనే కన్యాశుల్కాచారము హాయిగా బ్రదికినది.

ఎట్లనగా, మనువు ఎనిమిది వివాహములలో ఆసురము నొకదానిగా చెప్పుచునే, శుల్కము గ్రహించు తండ్రిని గట్టిగా నిందించెను. నింద్యము, కాని వివాహము చెల్లును. ఆంగ్లేయుల న్యాయస్థానములును ఈ రెండవ మాటను పట్టుకొని, మొదటి మాటను శాస్త్రులకు విడిచిపెట్టినవి. ఆసురవివాహమున పెండ్లియాడిన స్త్రీ సంతానము లేక మరణించినచో ఆమె స్త్రీధనము పుట్టినింటివారిని చేరునని కోర్టులు వారసత్వ నిర్ణయము గూడ చేయుచుండెను. విక్రయమునకు శిక్ష లేదు సరిగదా, విక్రయఫలముగా ఆస్తిహక్కు లేర్పడినవి.

నాటకపు తొలి ముద్రణమునకు గురజాడ ఆంగ్లమున వ్రాసిన పీఠిక యీ స్థితికి సాక్ష్యము. విజయనగర మహారాజు ఆనందగజపతి విశాఖపట్టణ మండలమున మూడేండ్లలో జరిగిన శుల్కవివాహముల పట్టిక నొకదానిని తయారు చేయించెను. ఆ పట్టిక కెక్కినవి 1,034; ఏటికి సుమారు 344. ఇరుగుపొరుగువారికి ఎల్లరకును తెలిసి, పురోహితుడు మంత్రములు చదివి, బాజాలు మ్రోగించి జరిపిన కార్యములవి. వానిని రహస్యముగా జరిగిన నేరములవలె నమోదు చేయవలసి వచ్చుట గమనింపదగిన విషయము. పోలీసువారి యొద్ద ఉండవలసిన పట్టిక మహారాజు కొలువున ఉన్నది. శాసనముచే ఆచారమును నిషేధింపజేయుటకు మహారాజు చేసిన యత్నము విఫలమైనది. నాటకము ఆ వైఫల్యమునకు తరువాతి మెట్టు. ఇంతటితో ఆగిన, శాసనము చేయలేని పనిని సాహిత్యమునకు అప్పగించిరని చెప్పి ముగింపవచ్చును. చాలమంది అట్లే ముగించిరి. కాని గురజాడ అంత తేలికగా శాసనమును విడిచిపెట్టినవాడు కాడు. నాటకమంతటను దానిని వెంటాడెను.

న్యాయశాస్త్రము ఊరక కూర్చుండలేదని కూడ చెప్పవలయును. ద్వితీయ ముద్రణము వెలువడిన కాలముననే, 1908-09 ప్రాంతమున, కూతు నిచ్చుటకు ప్రతిఫలముగా తండ్రికి సొమ్మిత్తునను ఒప్పందము ప్రజాశ్రేయస్సునకు విరుద్ధము గనుక చెల్లదని మద్రాసు హైకోర్టు పూర్ణధర్మాసనము నిర్ణయించెను. అది గొప్ప నిర్ణయమే. అయినను దాని ఫలము, సొమ్ము రాని తండ్రి కోర్టు కెక్కలేకపోవుట మాత్రమే. ముందుగా రొక్కము లెక్కపెట్టించుకొన్న అగ్నిహోత్రావధాన్ల వంటివాని కది యేమి అడ్డు?

ఇపుడు నాటకమునకు వత్తము. సుబ్బిని ముసలి లుబ్ధావధాన్లకు అమ్ముటకు అగ్నిహోత్రావధాన్లు నిశ్చయించెను. తల్లి వెంకమ్మ మొత్తుకొనినను ఫలము లేక నూతిలో పడెను, బ్రదికినది. ఈ ఘట్టమును కరుణరస పోషకముగా మాత్రమే చదువుట వాడుక. ఒక్క క్షణము శిక్షాస్మృతిని తెఱచి చూడుడు. బిడ్డను విక్రయించు తండ్రికి అందు ఏ సెక్షనును లేదు. ఆత్మహత్యాప్రయత్నమునకు 309వ సెక్షను కలదు, ఏడాదివరకు కారాగారము. ఆ యింట శాసనము చేయి చాచి పట్టుకొనదగిన నేరస్థురాలు వెంకమ్మ యొక్కతెయే. గురజాడ ఈ మాటను ఎచ్చటను పలికింపలేదు. పలికింపనక్కఱ లేదు. 1886 ప్రాంతమున డిప్టీ కలెక్టరు కార్యాలయమున హెడ్ గుమాస్తాగా కొంతకాలము పనిచేసిన వానికి ఏది కచేరీ కెక్కునో, ఏది యెక్కదో బాగుగా తెలిసియుండును.

ఇదే కుటుంబమున దీనికి సరిగా తలక్రిందులైన స్థితి బుచ్చమ్మది. ముసలివానికి ఇయ్యబడి, బాల్యముననే వితంతువైన యీ పెద్దకూతురు గిరీశముతో వెళ్లిపోవును. 1856 నాటి శాసనము వితంతు వివాహమును చెల్లునదిగా చేసియుండెను. కందుకూరి వీరేశలింగముగారు రాజమహేంద్రవరమున తొలి వితంతు వివాహమును జరిపించినది 1881 డిసెంబరున. శాసనము పెండ్లిపందిరిని చేరుటకు మన దేశమున ఇరువదియైదేండ్లు పట్టినది. సుబ్బి విషయమున లోకము సమ్మతించినదానిని శాసనము చూడలేదు. బుచ్చమ్మ విషయమున శాసనము సమ్మతించినదానిని లోకము నేరమనుచున్నది. అగ్నిహోత్రావధాన్లు క్రిమినలు అభియోగము తెచ్చుట ఈ లోకనీతి పక్షముననే. కచేరికి కావలసినది పిల్ల వయస్సు, సమ్మతి. తండ్రికి కావలసినది పరువు. రెండు భాషలు మాటలాడు ఇద్దఱు ఒక దుబాసి లేక తగవులాడినట్లు ఆ వ్యాజ్యము నడచును. అవధాన్లు మొదటి కూతును అమ్మినపుడు ఏ కచేరికిని జవాబు చెప్పవలసిన పని లేకపోయినది. ఆమె తనంతట నడచిపోయినపుడు మాత్రము కచేరీ అతని సొత్తయినది. దావాలయందు అతనికి గల వ్యామోహమును హాస్యపాత్ర లక్షణముగా తీసిపారవేయుట యుచితము కాదు.

ఖూనీ కేసు సంగతి మఱింత లోతైనది. మేనకోడలిని కాపాడుటకు కరటకశాస్త్రి తన శిష్యుడు మహేశమునకు ఆడవేషము వేసి, తాను గుంటూరు శాస్త్రులై, ఆ కపటకన్యను లుబ్ధావధాన్లకు అంటగట్టెను. పెండ్లి జరిగిన పిమ్మట పెండ్లికూతురు మాయమగును, మామయు కనబడడు. ఒక మనిషి కనబడకపోయినపుడు ఊరికొక కథ కావలయును. ఊరు తన కథను పూజారి గవరయ్య నోట చెప్పించుకొనును: వచ్చినది పిశాచమట, దానిని సీసాలో బంధించితినని అతడు చూపును. పోలీసువారును తమ కథను చెప్పుకొందురు: లుబ్ధావధాన్లు భార్యను చంపెనట. మొదటి కథకు మనము నవ్వుదుము. రెండవదానికి నవ్వము, దానికి ఉరికంబము చివర కలదు. కాని రెండింటి నిర్మాణమును పోల్చి చూచినచో భేద మత్యల్పము. లేని స్త్రీని గవరయ్య సీసాలో బిగించెను. హెడ్డు కనిస్టీబు లేని స్త్రీని కేసు కాగితములలో బిగించెను. ఒకడు మూఢవిశ్వాసముచే, మఱొకడు రాజ్యాధికారముచే బ్రదుకువారు. ఇరువురకును భయపడినవాని చేతి డబ్బే జీవనాధారము. శవము లేదు, హతురాలు లేదు, అసలు స్త్రీయే లేదు. అయినను అభియోగము తన కాళ్లపై తాను నడచుచున్నది. గవరయ్యను మూఢాచార విమర్శకు ఉదాహరణముగా చూపు వ్యాసములు, అతని ప్రక్కనే నిలిచిన యీ రెండవ మాంత్రికుని గమనింపక పోవుట విచారకరము.

లుబ్ధావధాన్లు నిర్దోషియా? హత్య విషయమున సంపూర్ణముగా నిర్దోషి. బాలికను కొనుటకు సిద్ధపడిన వాడనుట మాత్రము నిజము. ఆ పని నేరము కాదు. చేసిన తప్పునకు శిక్ష లేదు. చేయని నేరమునకు ఉరి సిద్ధముగా నున్నది. ప్రేక్షకుడు లోలోపల, ఈ ముసలివానికి తగిన శాస్తి జరిగినదని సంతోషించుట సహజము. గురజాడ ఆ సంతోషమును కొంతదూరము సాగనిచ్చి, అటుపిమ్మట దానిని మనకే వెగటు కలుగునట్లు చేసెను. దుష్టాచారము ననుసరించినవాడు గనుక అబద్ధపు కేసులో పడినను ఫరవాలేదని లోకనీతి యనుచున్నది. అట్లు వీలు లేదని నాటకము పట్టుపట్టినది. అందుకొఱకే సౌజన్యారావు పంతులు శుల్కాచారమును ద్వేషించుచునే లుబ్ధావధాన్ల పక్షమున నిలుచును. ద్వేషింపదగిన వానికిని న్యాయము దొరకవలయునను భావము మన నాటకసాహిత్యమున ఇంత స్పష్టముగా అంతకు పూర్వము కనబడదని మా నమ్మకము.

కరటకశాస్త్రి విషయము వేఱు. అతడు చేసినది నిజముగా నేరము. వేషముచే వంచించి సొమ్ము తీసికొనుట శిక్షాస్మృతిలో పలుచోట్ల పట్టువడును. నాటకమున శిక్షార్హమగు నేరమును బుద్ధిపూర్వకముగా చేసిన వారిలో ముందు లెక్కింపదగినవాడు మనకు మిక్కిలి ఇష్టుడైన యీ విదూషకుడే. అతని యుద్దేశము మంచిది, సాధనము నేరము, ఫలము పరాయివాని మెడకు ఉరి. అతడు బయటపడి నిజము చెప్పినచో కేసు ఆ క్షణముననే కూలిపోవును. తాను జైలుకు పోవలసివచ్చును. ఈ సంకటమున కవి అతనిని తగినంత నిలబెట్టలేదని మాకు తోచుచున్నది. మహేశము బైరాగివేషము, మధురవాణి చాతుర్యము అడ్డము వచ్చి, మనము అడుగవలసిన ప్రశ్నను నవ్వులలో కలిపివేయును. నాటకము ప్రహసనధర్మమునకు తలయొగ్గిన ఘట్టమిది. దీనిని లోపమనుటకు సంకోచింపనక్కఱ లేదు.

రామప్పంతులు, మీనాక్షుల కథ క్లుప్తముగా స్మరించిన చాలును. పెండ్లాడుదునని నమ్మించి వితంతువును పాడుచేసి త్రోసిపుచ్చిన రామప్పంతులును ఏ కచేరియు పిలువలేదు. గ్రామ వ్యాజ్యములపై బ్రదుకు వానికి ఏది నేరము కాదో మొదటినుండియు కరతలామలకము.

మధురవాణి సౌజన్యారావు పంతులును కలిసికొను ఘట్టమునకు ఇంతవరకు చెప్పినదంతయు దారి. ఆమె పురుషవేషమున వచ్చును. బాలుడు స్త్రీవేషము ధరించుటచే పుట్టిన అసత్యమును స్త్రీ పురుషవేషము ధరించి తొలగించుననుట పలువురు గుర్తించినదే. అంతకంటె ముఖ్యము, ఆమె కా వేషము ఏల కావలసివచ్చినదనునది. పంతులు వేశ్యల ముఖము చూడరాదను ఉద్యమమునకు చెందినవాడు. 1872 నాటి సాక్ష్యశాసనము 118వ సెక్షనున, ప్రశ్న గ్రహించి ఉత్తర మీయగల ప్రతి మనుష్యుడును సాక్షి కావచ్చునని చెప్పినది. కులము, వృత్తి, నడవడి అడ్డు కాలేదు. నడవడి చెడ్డదని సాక్షి విలువను తగ్గింపజూచుట వేఱు, సాక్షిగా రానీయకుండుట వేఱు. మధురవాణికి కచేరి తలుపు తెఱచియే యున్నది. మూసికొనియున్నది సంస్కర్త యింటి తలుపు. ఇచ్చట శాసనము నీతికంటె విశాలమైనది. శాసనము నీతి కంటె వెనుకబడినదని మొదటి అంకములు చూపగా, ఇచ్చట నీతియే శాసనమునకు వెనుకబడెను. గురజాడ ఏ ఒక్క పక్షమును గెలిపింపకుండుట ఇందువలన స్పష్టము.

ఒక నిర్దోషి ప్రాణమును కాపాడు రహస్యము ఒక వేశ్య యొద్ద కలదు. దానికి మూల్యము ఒక ముద్దు. పంతులు తన నియమమును కాపాడుకొనవలయునా, క్లయింటు ప్రాణమునా? ఈ బేరమును కొందఱు శృంగార చాపల్యమని విసుగుకొనిరి. కాని బేరము నాటకమున మొదటినుండియు సాగుచున్నదే. కన్యకు వెల, సాక్ష్యమునకు వెల, మౌనమునకు వెల. మధురవాణి తన సాక్ష్యమునకు వెల కట్టుట ఆ బజారుభాషలోనే. భేదమేమన, పంతులు తుదకు సిద్ధపడగా ఆమె ఆ వెలను తీసికొనదు. చెడని వారిని చెడగొట్టరాదని తల్లి చెప్పిన మాట అడ్డము వచ్చినదని తప్పుకొనును. నాటకమంతటను ఒప్పుకొన్న వెలను తన యంతట వదలుకొన్న పాత్రగా మన కన్నుల యెదుట నిలుచునది ఆమె. ప్రతిఫలముగా ఆమె కందినది భగవద్గీతా గ్రంథము. ఇది పశ్చాత్తాపమున కవి ఆమెకు వేసిన శిక్ష యనువారును కలరు. మేము ఒప్పుకొనము. గ్రంథము నిచ్చినది పంతులు, తీసికొన్నది ఆమె. ఆ రాత్రి ఎవరు ఎవరికి నేర్పిరో పాఠకునికి తెలియును.

ఇట్లు సత్యము బయటపడినది, కాని ఎచ్చట? కచేరిలో కాదు. ప్రమాణము చేయించి, అడ్డప్రశ్నలు వేసి, వాఙ్మూలము వ్రాసికొని తెలిసికొన్నది కాదు. రాత్రివేళ ఒక వకీలు గదిలో, ఇరువుర నడుమ తెలిసినది. గిరీశము విషయమున తీర్పు చెప్పబడునదియు ఆ గదియందే. అతని నిజస్వరూపము తెలియగా బుచ్చమ్మ పూనాలోని వితంతువుల ఆశ్రమమునకు పోవలసినదని నిర్ణయ మగును. శిక్షాస్మృతికి ఈ తీర్పుతో సంబంధము లేదు. అయినను గిరీశమునకు ఇంతకంటె గట్టిగా తగిలిన దండము మఱొకటి లేదు. అప్పటి డిప్టీ కలెక్టరు శిస్తు అధికారియు, మేజిస్ట్రేటును తానే. అటువంటి కచేరిపై కవికి నమ్మకము లేదనుకొనుట కష్టము కాదు. కాని ప్రైవేటు గదిలో దొరికిన న్యాయము ఒక మంచివకీలు, ఒక అసాధారణ వనిత ఒకే రాత్రి కలిసికొనుటపై ఆధారపడినది. వారిలో ఏ యొక్కరు లేకున్నను లుబ్ధావధాన్లు ఉరికంబమును చూచియుండును. ఈ ముగింపును న్యాయవిజయముగా వర్ణించుట మాకు సమ్మతము కాదు.

కాళ్లకూరి నారాయణరావుగారి వరవిక్రయముతో పోల్చినచో ఈ విషయము తేటపడును. అందు విక్రయము దిశ మారినది, కొనబడువాడు వరుడు. కమల సొమ్మిచ్చి మగని కొన్నదానను గనుక అతడే నా యింటికి రావలయునని న్యాయస్థానము నెదుట బహిరంగముగా వాదించును. అచ్చట కోర్టు సత్యమునకు వేదిక. నాటకకర్త కచేరీని నమ్మినాడు. వాదము చురుకైనది, చప్పట్లు నిశ్చయము. అయినను ఆ నమ్మకముచేతనే వరవిక్రయము కోర్టుదృశ్యము మనల నంతగా వెంటాడదు. వాదము ముగియగానే చిక్కు విడిపోవును. కన్యాశుల్కమున చిక్కు విడిపోవుట లేదు. కేసు మాత్రము పోవుచున్నది.

శాసనము తరువాత చాల దూరము నడచినది. 1929 నాటి శారదా శాసనము బాలికల వివాహవయస్సును 14 ఏండ్లుగా నిర్ణయించెను; 1978లో అది 18 అయినది. 1961 నాటి వరకట్న నిషేధ శాసనము, ఇరుపక్షములలో ఏ పక్షమువారు ఏ పక్షమువారి కిచ్చినను వర్తించునట్లు కట్నమును నిర్వచించినది. శుల్కమును ఆ వలలో పడినది. అగ్నిహోత్రావధాన్లు నేడు చేసినచో అతడు నేరస్థుడే. మహారాజు కోరినది డెబ్బదియేండ్లకు పైగా గడచిన పిమ్మట, ఆ యాచారము తెలుగునాట చాలవఱకు తలక్రిందులై కట్నముగా మారిన తరువాత వచ్చినది. పట్టికయందలి 1,034 మంది బాలికలలో ఎవరికిని అది పనికివచ్చియుండదు.

సుబ్బి మాట మిగిలినది. కథ నంతటిని కదలించిన యీ పసిపిల్ల రంగముమీద కనబడుట చాల తక్కువ. తల్లి నూతిలో పడినది ఆమె కొఱకు, మేనమామ నేరము చేసినది ఆమె కొఱకు, ముసలివాడు ఉరికి దాపైనది పరోక్షముగా ఆమె కొఱకు. ఆమె తప్పించుకొనినది, శాసనముచేత కాదు, లోకనీతిచేత కాదు, మేనమామ చేసిన వంచనచేత. ఖూనీ కేసులో గాని, బుచ్చమ్మ వ్యాజ్యములో గాని, ఏ వకీలును ఆమె పేరెత్తవలసిన యవసరము కలుగలేదు.